పొంగలి చెప్పిన సాక్ష్యం

దేవుడు వరమిచ్చినా పూజారి వరమివ్వడని సామెత. ఆ సామెత కట్టినవాడికి పూజారి పెళ్లాం సంగతి తెలిసినట్టు లేదు. తెలిస్తే మా గురించి కూడా ఒక మాట కలిపి ఉండేవాడు. నేను ముందు పూజారి పెళ్లాన్ని, తరవాత పూజారి విధవని. ఆ తరవాత గురజాల మునసబు కోర్టులో వాదిని. ఈ మూడో ముచ్చట గురించే ఇప్పుడు చెప్పబోతున్నాను, ఎందుకంటే మొదటి రెండూ అందరికీ ఉండేవే.

మా పుట్టిల్లు అచ్చంపేట వైపు, కృష్ణ ఒడ్డున. నన్ను ఇచ్చిన ఊరు మాచవరం నుంచి గురజాల పోయే దారికి కాస్త లోపలగా ఉంటుంది. నీళ్లు చూసి పెరిగినదాన్ని నాపరాళ్లలోకి వచ్చి పడ్డాను. ఊళ్లో వేణుగోపాలస్వామి గుడి. ఆ గుడిని ఆనుకునే అయ్యగారి ఇల్లు. మా ఆయన తాతముత్తాతల నుంచీ ఆ గుడిలో పూజ ఆ ఇంటివాళ్లదే.

మా ఆయన మెతక మనిషి, గొంతు సన్నం. అర్చన చేస్తే రెండో వరసలో నిలుచున్నవాళ్లకు వినపడేది కాదు. "కాస్త గట్టిగా చదవండి అయ్యగారూ" అని ఎవరైనా అంటే "స్వామికి వినపడుతోంది లెండి" అని నవ్వేవాడు. నాకు ఆయనంటే ప్రేమ. ఆ రోజుల్లో ఆ మాట అనేవాళ్లం కాదు, ఇప్పుడంటున్నాను. యుద్ధం జరుగుతున్న రోజుల్లో, ఒక వానాకాలం సన్నిపాత జ్వరం వచ్చి పోయాడు. పిల్లలు లేరు. ఇంట్లో మా అత్తయ్యా నేనూ మిగిలాం. ఆవిడ ఎప్పుడో విధవ అయింది, నేనిప్పుడు అయ్యాను. "నాకు తోడొస్తావని అనుకోలేదే" అని ఒకే ఒక్కసారి ఏడ్చి, ఆ తరవాత ఆవిడ ఏడవలేదు, నన్నూ ఏడవనివ్వలేదు.

మైల రోజుల్లో పక్కూరి పూజారి వచ్చి దీపం పెట్టి పోయేవాడు. మైల తీరీ తీరగానే పెద్ద ధర్మకర్త మా వాకిట్లోకి వచ్చి దగ్గాడు. ఊళ్లో సగం మిరప చేలు ఆయనవే. ముగ్గురు ధర్మకర్తలున్నా మాట ఆయనదే, మిగతా ఇద్దరివీ తలలూపడాలు. మా అత్తయ్య మాత్రం ఆయన్ని చొక్కా లేని వయసు నుంచి చూసింది కాబట్టి ఎంతమందిలోనైనా ఒరేయ్ అనే పిలిచేది.

"పిన్నమ్మా, జరిగిందానికి ఏం చేస్తాం. గుడికి అయ్యగారు కావాలి గదా. మీకా మగపిల్లోడు లేకపాయె. కొత్తాయన్ని పెట్టుకుందామని అనుకుంటున్నాం."

"ఏంరా అబ్బాయ్, పెట్టుకోవడానికి అదేమన్నా పాలేరు పనా?"

"అట్టంటే ఎట్టా పిన్నమ్మా? దేవుడికి దీపం పెట్టేవాడు ఉండాలా, వద్దా? ఇల్లు కూడా అయ్యగారికిచ్చే ఇల్లే గదా. తొందరేం లేదు, నిదానంగా సర్దుకోండి."

ఆయన నిజంగా మంచిగానే అన్నాడు, అదే నాకు ఒళ్లు మండింది. కోపంతో అంటే తిరిగి అనొచ్చు. జాలిగా ఇంట్లోంచి పొమ్మంటే ఏమంటాం? ఇల్లు పోతే మాకు మిగిలింది నరసరావుపేటలో ఏ పూటకూళ్లమ్మ దగ్గరో పొయ్యి ఊదడం. ఆ ఇల్లు, దాంతోపాటు మా ఆయన వంశం చేసిన పూజ, రెండూ ఒక్క దగ్గుతో పోయేట్టున్నాయి.

గాలిగోపురం గోడ మీద కాగితం అంటించారు, అర్చకుడు కావలెనని. నాలుగూళ్లకు కబురు పోయింది. పరీక్ష పెద్ద ధర్మకర్త మిరప కల్లంలో పెట్టారు. మా అత్తయ్య పిలవని పేరంటానికి వెళ్లి ఒక బండరాయి మీద కూర్చుని మొత్తం చూసి వచ్చింది. ఇంటికొచ్చి నాకు ఆడి చూపించింది. నవ్వకూడని రోజులవి. నేను చెంగు నోట్లో కుక్కుకుని నవ్వాను.

మొదట వచ్చినాయన పెద్దవాడు, నశ్యం పీల్చే అలవాటుంది. పురుషసూక్తం మధ్యలో తుమ్మాడు. ధర్మకర్తలు ముగ్గురూ ఒకరి మొహాలొకరు చూసుకున్నారు, తుమ్ము అపశకునం గదా. రెండో ఆయన మంత్రం ఎత్తుకోకముందే గుడి మాన్యం ఎంత, మాగాణా మెట్టా అని అడిగాడు. పల్నాట్లో మాగాణి అడిగినవాణ్ణి చూసి కల్లంలో కూలోళ్లు కూడా నవ్వారట. మూడోవాడు కుర్రాడు, కృష్ణ అవతల నైజాం వైపు నుంచి పడవ దాటి వచ్చాడు, బక్కగా, భయంగా ఉన్నాడు.

పెద్ద ధర్మకర్త ఉన్నమాటే చెప్పాడు. "అయ్యా, మాకు సంస్కృతం తెలవదు. నువ్వు చదివింది తప్పో ఒప్పో మాకేం తెలుస్తది? గట్టిగా చదువు. పోయినాయన చదివితే గుళ్లో ఉన్నోడికే వినపడేది కాదు. నా మిరప చేలో కూలోళ్లకు వినపడాల."

ఆ కుర్రాడు కళ్లు మూసుకుని ఎత్తుకున్నాడు. కల్లంలో కట్టేసిన ఎద్దు ఒకటి పలుపు తెంచుకుని పరుగు తీసింది. "ఈయనే మన అయ్యగారు" అన్నాడు పెద్ద ధర్మకర్త, ఎద్దు వెనక మనిషిని పంపిస్తూ.

"దావా వేద్దాం" అంది మా అత్తయ్య, ఆడి చూపించడం అయిపోగానే.

గురజాలలో మా వకీలు కిరస్తానీ. వాళ్ల నాయన మా ఊళ్లో మిషను బడి పంతులుగా ఉన్నప్పుడు మా ఆయనకు అక్షరాలు దిద్దించాడు. ఆ ఎరుకతో వెళ్లాం. మా అత్తయ్య వాళ్ల వసారాలో విడిగా చాప వేయించుకుని, వాళ్ల బావిలో తన చేత్తో తోడుకున్న నీళ్లే తాగి, అంతా అయ్యాక "నీకు మా గుడి కేసు తెలుస్తుందిటయ్యా?" అని అడిగింది. వకీలు భార్య పమిటచెంగుతో మొహం తుడుచుకుంటున్నట్టు నటించి నవ్వు దాచుకుంది. వకీలు ఏమీ అనుకోలేదు.

"మామ్మగారూ, పూజ చేసే చేయి వేరు, హక్కు వేరు. హక్కు మీ అబ్బాయిది, ఆయన తరవాత భార్యది. ఆవిడ గర్భగుడిలోకి పోకూడదు కాబట్టి తన బదులు యోగ్యుణ్ణి పెట్టుకోవచ్చు. అలాంటి తీర్పులున్నాయి. చిక్కల్లా ఒక్కటే. మీ అబ్బాయి పోయాక మీ ఇంటి నుంచి గుడికి ఏ సేవా జరగలేదు, హక్కు వదులుకున్నారు అని వాళ్లంటారు. దానికి మనం జవాబు చూసుకోవాలి."

దావా వేశాం. అది తేలేదాకా ఎక్కడివాళ్లు అక్కడే ఉండమంది కోర్టు. అంటే కొత్తాయన గుడిలో, మేము ఇంట్లో. ఆయన మంటపంలో పడుకునేవాడు.

ఇక్కడ మా ఇంటి ఆనవాళ్లు చెప్పాలి. స్వామి వంటగది గుడి ప్రాకారంలో లేదు, మా పెరట్లో ఉంది. పెరటి గోడకు ఒక దిడ్డివాకిలి, తల వంచుకుని పోవాల్సినంత చిన్నది, గుడిలోకి తెరుచుకుంటుంది. పొద్దున్నే మేము మడి కట్టుకుని పొంగలి వండి, గిన్నె మీద ఆకు మూసి ఆ వాకిట్లో పెడితే, మా ఆయన అటు నుంచి అందుకుని లోపలికి తీసుకుపోయేవాడు. గుడిలో ముందువైపు నిలుచున్నవాళ్లకు కనపడేది తెర, తెర తీశాక ప్రసాదం. నైవేద్యం అయ్యగారే వండుతారని ఊళ్లో మగవాళ్ల నమ్మకం. నమ్మకమని కూడా అనలేం, వాళ్లు ఎప్పుడూ ఆలోచించలేదు. మగవాళ్లకు అన్నం విస్తట్లోకి వస్తుందని తెలుసు గానీ ఎక్కడి నుంచి వస్తుందో తెలియదు. ధర్మకర్తలు కల్లంలో అంత పరీక్ష పెట్టారా, నీకు వంట వచ్చునా అని ఒక్కరూ అడగలేదు.

రాదు. కొత్తాయన మొదటి రోజు పొద్దున్నే మంటపం వెనక మూడు రాళ్లు పెట్టి పొంగలి వండాడు. ఆ వాసన గోడ దాటి మా పెరట్లోకి వచ్చింది. మా అత్తయ్య దిడ్డివాకిలి తెరిచి తల లోపలికి పెట్టి చూసింది. గిన్నె అడుగు నల్లగా మాడి, పైన బియ్యం బియ్యంగానే ఉంది. పక్కన ఆయన కళ్లు నీళ్లు కారుతూ కూర్చుని ఉన్నాడు, పొగకో భయానికో.

"ఏమయ్యా, బొగ్గులు నైవేద్యం పెడుతున్నావా? బొగ్గులతో నడవడానికి మా స్వామేమన్నా గురజాల బస్సా?"

అప్పుడు పెట్రోలు దొరక్క బస్సులు బొగ్గుతో నడిపేవాళ్లు. ఆయన లేచి చేతులు జోడించాడు. "అమ్మా, నాకు వంట రాదు. మా అమ్మ వండేది. స్వామికి ఏం పెట్టాల్నో నాకు సమజైతలేదు."

అత్తయ్య నా వైపు తిరిగింది. "మడి కట్టుకోవే. బియ్యం కడుగు."

నేను కదల్లేదు. "మన పొట్ట కొట్టడానికి వచ్చినవాడికి మనం వండిపెట్టాలా?" అన్నాను. నాకు అప్పుడు ఉన్న కోపానికి గుడి మొత్తం మాడిపోయినా బాధలేదు.

"వాడికి ఎవరు వండమన్నారు? వ్యాజ్యం మనుషులతో. స్వామి మన మీద దావా వేశాడా? లే."

లేచాను. ఆ పొద్దు పొంగలి దిడ్డివాకిట్లో పెట్టినప్పుడు అటు నుంచి అందుకున్న చేతులు చూడలేక మొహం తిప్పుకున్నాను. లోపల నుంచి ఇంకో గొంతు వినపడుతుంటే పొయ్యి దగ్గర కూర్చుని ఏడ్చాను. పొగ అని చెప్పాను. పొయ్యి అప్పటికే ఆరిపోయిందని అత్తయ్య అనలేదు, ఆవిడ పెద్దమనసు.

అట్లా రోజూ సాగింది. తరవాతి వాయిదాకు వెళ్లినప్పుడు ఈ సంగతి వకీలుకు చెబితే ఆయన ముందు తల పట్టుకుని, తరవాత ఒక ఎత్తు వేశాడు. "అయితే మన చేతిలో మంచి పట్టే ఉంది. ఒక నాలుగు పూటలు వంట మానేయండి. నైవేద్యం ఆగితే ఊళ్లో గోల లేస్తుంది. ధర్మకర్తలే రాజీకి వస్తారు."

మా అత్తయ్య చాప మీద నుంచి లేచింది. "స్వామిని పస్తు పెట్టమంటావా? మీ యేసుని పెడతావా నువ్వు?"

"మా ఆయనకు పస్తులు అలవాటే మామ్మగారూ, నలభై రోజులు ఉన్నాడు" అన్నాడు వకీలు.

"మా ఆయనకు అలవాటు లేదు. పొద్దున్నే పొంగలి పడాలి."

ఆయన పగలబడి నవ్వి, ఆ మాట మళ్లీ ఎత్తలేదు. "సరే, వండండి. నా సలహా వినని పార్టీలే నాకు ఎక్కువ" అన్నాడు.

మెల్లిగా ఆ కుర్రాడితో మాటలు కలిశాయి, ఎట్లా కలవకుండా ఉంటాయి? నేను గర్భగుడి గుమ్మానికి ఇవతల, ద్వారపాలకుడి పాదాల దగ్గర కూర్చునేదాన్ని. ఆ ద్వారపాలకుణ్ణి ఎప్పుడో దుర్గి శిల్పులు చెక్కారు. ముక్కు కొన విరిగి, ఎప్పుడూ అలిగినట్టు ఉంటాడు. ఆయనా నేనూ గుమ్మం దాటని వాళ్లమే కాబట్టి మాకు బాగా కుదిరింది. అక్కడ నుంచి నేను చెప్పేదాన్ని, పాలు గోరువెచ్చగా ఉండాలని, శనివారం తులసి మాల రెండు పేటలని, రాత్రి ఏకాంతసేవలో దీపం తగ్గించేటప్పుడు మా ఆయన వేలితో కాక పుల్లతో తగ్గించేవాడని. "అక్కా, గిట్లనా?" అని అడిగి అట్లాగే చేసేవాడు. ఆ అరుపు మాత్రం తగ్గించడానికి మా అత్తయ్య చాలా కష్టపడింది. "స్వామికి చెవుడు లేదు నాయనా, తెల్లారగట్ల చంటిపిల్లలు లేస్తున్నారు" అని రోజూ పోరితే, మెల్లిగా గొంతు దించడం నేర్చుకున్నాడు. దావాలో మాత్రం ఆయన రెండో ప్రతివాది.

గురజాలకు వాయిదాల మీద వాయిదాలు. వాదులూ ప్రతివాదులూ ఒకే ఊరు, ఒకే బొగ్గు బస్సు. ఒకసారి సగం దారిలో, చెట్టు నీడ కూడా లేని చోట బస్సు ఆగిపోయింది. మంట రాజెయ్యడానికి వెనక ఒక చక్రం ఉంటుంది, దాన్ని చేత్తో తిప్పాలి. క్లీనరు తిప్పి తిప్పి చతికిలబడ్డాడు. పెద్ద ధర్మకర్త కండువా తలకు చుట్టి తిప్పడానికి దిగాడు. మా అత్తయ్య కిటికీలోంచి, "గట్టిగా తిప్పరా అబ్బాయ్, వాయిదాకు టైమవుతోంది. నువ్వు లేకపోతే మేము ఎవరి మీద గెలవాలి?" అంది. బస్సంతా నవ్వింది. ఆయన కూడా నవ్వుతూనే తిప్పాడు.

బస్సు కదిలాక ఆవిడ మూట విప్పి ఆకులో పులిహోర పెట్టి ఆయనకు ఇచ్చింది. ఆయన తిని, వేళ్లు నాకి, "పిన్నమ్మా, అచ్చం గుళ్లో పులిహోర మాదిరే ఉందే!" అన్నాడు. "అవునురా" అంది ఆవిడ. ఆయనకు ఇంకేమీ తట్టలేదు. రెండో ముద్ద అడిగాడు.

ఆఖరికి సాక్ష్యాల రోజు వచ్చింది. నన్ను కోర్టుకు రావద్దని, కమీషను వేయించి ఇంటి దగ్గరే సాక్ష్యం తీసుకోవచ్చని వకీలు అన్నాడు. నేను ఒప్పుకోలేదు. నా ఇల్లు అడుగుతూ నేనే కనపడకపోతే ఎట్లా?

బంట్రోతు గుమ్మంలో నిలబడి ఒక పేరు మూడుసార్లు పిలిచాడు. ఎవరూ లేవలేదు. నేను కూడా చుట్టూ చూశాను, ఎవరో పాపం అని. మా అత్తయ్య మోచేత్తో పొడిచింది. "నిన్నేనే. లే."

అది నా పేరే. పుట్టింటి నుంచి వచ్చాక ఆ పేరుతో నన్ను ఎవరూ పిలవలేదు. మా ఆయన "ఇదిగో" అనేవాడు, అత్తయ్య "ఏమే", ఊరు "అయ్యగారి ఆడవాళ్లు". పెట్టెలో అడుగున పడిపోయిన చీరను ఎవరో తీసి దులిపినట్టయింది. లేచి బోనులోకి వెళ్లాను.

వాళ్ల వకీలు పంచెకట్టు, విభూతి, మహా నిష్ఠాగరిష్ఠుడు. "అమ్మా, మీరు గర్భగుడిలోకి పోగలరా?" అని అడిగాడు.

"పోలేనండీ."

"మరి అర్చకత్వం మీకెందుకు?"

"మా ఆయన ఉన్నప్పుడూ నేను లోపలికి పోలేదండీ. అప్పుడూ నేను వండేదాన్ని, లోపల ఒకరు నివేదన చేసేవారు. ఇప్పుడూ అంతే."

ఆయన ఆ మాట పట్టించుకోలేదు. ఆయనా మగవాడే కదా. "పోలేనన్నారు, రాసుకోండి" అని కూర్చున్నాడు. మునసబు గారు మాత్రం కళ్లజోడు పైనుంచి నన్ను ఒకసారి చూశారు.

తరవాత పెద్ద ధర్మకర్త బోనెక్కాడు. పోయిన అయ్యగారి తరవాత ఆ ఇంటి నుంచి స్వామికి ఏ సేవా జరగలేదని, కొత్తాయనే అన్నీ చేస్తున్నాడని చెప్పాడు. కొత్తాయన్ని పొగడ్డం మొదలుపెట్టాడు చూడండి, ఇంక ఆగలేదు. "అయ్యా, ఇంతకన్నా యోగ్యుడు జిల్లా మొత్తం ఎతికినా దొరకడు. మేమే పరీక్ష పెట్టి తీసుకున్నాం. ఆచారం, భక్తి, గొంతు..." ఎద్దు సంగతి కూడా చెప్పబోతే వాళ్ల వకీలు దగ్గి ఆపాడు.

మా వకీలు లేచాడు. "ప్రసాదం మీకు రోజూ అందుతుందా?"

"గుడి మర్యాద గదండీ. మొదటి దొన్నె మాదే."

"ఎట్లా ఉంటుంది?"

ఆయన మొహం విప్పారింది. "చానా బాగుంటదండీ. బెల్లం పొంగలి అంటే మా గుడిదే. ముందెంత బాగుండేదో ఇప్పుడూ అంత బాగుంటది. ఒక్క పూట కూడా రుచి తప్పలా."

"ఎవరు వండుతారు?"

"అయ్యగారే. ఇంకెవరు?"

మా వకీలు కూర్చున్నాడు. కొత్తాయన బోనెక్కాడు. ప్రమాణం చేశాడు. ఆయన వాళ్ల మనిషి. వాళ్లు పెట్టిన పని. "నేనే వండుతున్న" అని ఆయన ఒక్క మాట అంటే పని ఆయనది, ఇల్లు ఆయనది. మమ్మల్ని చూడకుండా తల వంచుకున్నాడు. అయిపోయింది అనుకున్నాను.

"నైవేద్యం మీరే వండుతారా?" అడిగాడు మా వకీలు.

"నాకు వంట రాదండి" అన్నాడు, ఆయన మామూలు గొంతుతో. అంటే కోర్టు వసారాలో ఉన్నవాళ్లంతా తిరిగి చూశారు. "మొదటి రోజు మాడగొట్టిన. ఆ దినం నుంచి అమ్మగారి ఇంట్లనే వండుతున్నరు. దిడ్డివాకిట్ల పెడతరు, నేను తీసుకపోయి నివేదన చేస్త. ఒక్క పూట ఆపలేదండి."

"ఏందీ!" పెద్ద ధర్మకర్త లేచి నిలబడ్డాడు. బంట్రోతు ఆయన్ని కూర్చోబెట్టాడు. ఆయన కూర్చుని మా అత్తయ్య వైపు చూశాడు. ఆవిడ కొంగు సర్దుకుని పైకప్పు చూస్తోంది. బస్సులో తిన్న పులిహోర ఆయనకు అప్పుడు అరిగినట్టుంది.

తీర్పు మాకు వచ్చింది. మైల రోజులు తప్పిస్తే ఆ ఇంటి సేవ ఒక్కరోజు కూడా ఆగలేదని, హక్కు భార్యదేనని, తన బదులు యోగ్యుడైన మనిషిని ఆమే పెట్టుకోవచ్చని. వంట ఆపమని సలహా ఇచ్చిన మా వకీలు మెట్ల మీద మా అత్తయ్యకు దండం పెట్టి, "మామ్మగారూ, మీరే ప్లీడరు" అన్నాడు. "నీ ఫీజు తగ్గించుకో అయితే" అంది ఆవిడ.

కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడంటారు. నా ఏడుపు అప్పుడు మొదలైంది. ఎవర్ని పెట్టుకోవాలి? పెద్ద ధర్మకర్త ఊళ్లో అనేశాడు, "ఎవుర్ని తెస్తారో తెమ్మను. యోగ్యుడు కాడని గుంటూరులో అప్పీలు ఏసి కొడతా" అని. నశ్యం ఆయన, మాగాణి ఆయన అప్పుడే కబురు పంపారు. మరునాడు పెరట్లోకి వెళితే కొత్తాయన మూట కట్టుకుని దిడ్డివాకిట్లో కూర్చుని ఉన్నాడు, రేవు దాటడానికి.

"మా పొంగలి తినకుండానే పోతావా?" అన్నాను.

"నన్ను తీసేసిండ్రు గదక్కా. వాళ్లూ తీసేసిండ్రు, కోర్టూ తీసేసింది."

"అబద్ధం చెబితే పని నిలిచేది కదా. ఎందుకు చెప్పలేదు?"

ఆయన వింతగా చూశాడు. "వండింది మీరు గద" అన్నాడు.

నాకింక ఆలోచించేది కనపడలేదు. పెద్ద ధర్మకర్త ఇంటికి నేనే వెళ్లాను, అత్తయ్యను వెంట పెట్టుకుని. ఆయన అరుగు మీద ఉన్నాడు, మిగతా తలలు రెండూ పక్కనే ఉన్నాయి. "అన్నగారూ, నా బదులు మనిషిని పెట్టుకున్నాను. మీకు చెప్పి పోదామని వచ్చాను" అన్నాను.

"ఎవురమ్మా ఆ యోగ్యుడు?" అన్నాడు, అప్పీలు కాగితం అప్పుడే కళ్ల ముందు కనపడుతున్నట్టు.

చెప్పాను. ఆయన నోరు తెరిచాడు. "జిల్లా మొత్తం ఎతికినా దొరకడని ప్రమాణం చేసి చెప్పావు గదరా. వాడు యోగ్యుడు కాడని ఇప్పుడు ఏ నోటితో వేస్తావు అప్పీలు?" అంది మా అత్తయ్య.

ఆయన నవ్వడం మొదలుపెట్టాడు. ఒళ్లంతా ఊగుతూ నవ్వాడు. తలలు రెండూ నవ్వచ్చా అని చూసి, నవ్వాయి. "సరేనమ్మా, దావా మీరు గెలిచారు, మనిషి మాత్రం మావోడే" అన్నాడు. ఇద్దరం గెలిచామని ఆయన లెక్క. పల్నాట్లో వ్యాజ్యం అట్లా తెగిందంటే అదృష్టమే. "పొంగలి మాత్రం రుచి మారగూడదు" అని కూడా అన్నాడు.

మరునాడు పొద్దున్నే తెర వేసి ఉంది. నేను ద్వారపాలకుడి దగ్గర నా చోట్లో కూర్చున్నాను. కొత్తాయన గుమ్మం దాకా వచ్చి ఆగాడు. "అక్కా, ఇగ పూజ మీది. సంకల్పం మీ పేరు మీద చెప్పాలె. మీ పేరేంది?"

ఇన్నాళ్లూ రోజూ చూసుకుంటున్నాం, కోర్టులో మూడుసార్లు పిలవగా కూడా ఆయన భయంలో విననే లేదట. నా నోటితో నేను నా పేరు చెప్పాల్సి వచ్చింది. సిగ్గేసింది. మా ఆయన గోత్రం చెప్పి, ఆ తరవాత నా పేరు చెప్పాను.

ఆయన లోపలికి వెళ్లాడు. అత్తయ్య నేర్పిన మెత్తని గొంతు ఆ పొద్దు పక్కన పెట్టాడు. మిరప కల్లంలో ఎద్దును తరిమిన గొంతు ఎత్తాడు. నేను ఎప్పుడూ అడుగు పెట్టని ఆ చీకట్లోంచి, స్వామి ముందు నుంచి, మా ఆయన గోత్రం, దాని వెంట నా పేరు బయటికి వచ్చాయి. రాతి గోడలకు తగిలి నా మీదుగా ఊళ్లోకి పోయాయి. నేను చేతులు జోడించాను. ఏడ్చాను కూడా. ఈసారి పొగ అని చెప్పలేదు. అరవొద్దని అత్తయ్య కూడా అనలేదు.

ఆ పొద్దు మిరప చేలో కాయ కోస్తున్న కూలోళ్లు ఆగి విన్నారట. ఎవరిదయ్యా ఆ పేరు, ఎప్పుడూ వినలేదే అని అడిగారట. గట్టు మీద నిలబడి ఉన్న పెద్ద ధర్మకర్త, "ఎవురిదేందిరా? మన గుడి అయ్యగారిది" అన్నాడట.